ఓవెన్‌లో ఆనపకాయ

డేకేర్ వంటగది, మాధాపూర్
నవంబరు 17, సోమవారం

నువ్వు కావాలనే తప్పు రాసి పెట్టి వెళ్లావు తేజస్వినీ. వంటగది తలుపు వెనక మేకుకు తగిలించి వెళ్లిన నీ కాగితాన్ని నమ్మి, శుక్రవారం నాడు ముప్పై ఇద్దరు పిల్లల ముందు పరువు పోగొట్టుకున్నాను. "కూరగాయ ముట్టని పిల్లలు కూడా ఇది పెడితే గిన్నె నాకుతారు" అని కింద గీత గీసి మరీ రాశావు. నాకారు. నాకి, నాలుక బయట పెట్టి, ఆయా నర్సమ్మ కొంగుకు తుడుచుకున్నారు.

ఫోన్లో అడగొచ్చు కదా అంటావు. నీ నంబరు బ్లాక్ చేశాను. రెండు నెలల కిందట చెప్పాపెట్టకుండా ఇక్కడ మానేసి బాచుపల్లి స్కూలు వంటగదికి వెళ్లిపోయావే, ఆ రోజే చేశాను. ఇప్పుడు తీస్తే బ్లాక్ చేసినదానికి విలువేముంది? అందుకే కాగితం. కూరగాయల ఆటో తిమ్మప్ప సోమవారం, గురువారం ఇక్కడ సరుకు దింపి నీ దగ్గరికే వస్తాడు, సాయంత్రం మళ్లీ ఇటే తిరిగి వెళ్తాడు. కొత్తిమీర కట్టలో పెట్టి పంపుతున్నాను. కాగితం తడిసి ఉంటే అది కొత్తిమీర. కన్నీళ్లనుకోకు.

నువ్వు రాసింది రాసినట్టే చేశాను. "ఆనపకాయలు ఒలిచి గింజలు తీయాలి. పూటంతా నానబెట్టి ఒక్కొక్కటే పితకాలి. గుడ్డ మీద ఆరబెట్టి, నూనె, ఉప్పు, బియ్యప్పిండి పట్టించి, ఓవెన్‌లో నూట ఎనభై డిగ్రీల్లో అరగంట కాల్చాలి." ఆనపకాయను ఒలవడమేమిటా అని అనుమానం వచ్చింది. పెద్ద వంటదానివి కదా అని నోరు మూసుకుని పదకొండు ఆనపకాయలు కోసి గింజలు తీశాను. నానబెట్టాను. పితికాను. ఏం పితకాలో తెలియకపోయినా పితికాను.

నర్సమ్మ ట్రేలోకి తొంగి చూసి, "ఏంది బిడ్డా గిది? సొరకాయ గింజలు గిట్ల కాలుస్తరా? పోరగాండ్లు తింటరా జర జెప్పు!" అంది. "మీకు తెలీదు, ఊరుకోండి" అన్నాను.

రసజ్ఞ గుర్తుందిగా? నాలుగేళ్లు, రెండు పిలకలు. పేరేమో రసజ్ఞ, తినేదేమో పెరుగన్నం ఒక్కటే. ఆ పిల్ల ఒక గింజ తీసి, ట్యూబులైటుకు అడ్డంగా పట్టుకుని చూసి, "ఆంటీ, ఇవి ఎవరి గోళ్లు?" అని అడిగింది.

అంతే. హాలంతా గోళ్లు, గోళ్లు అని ఒకటే గోల. సాయంత్రానికి తల్లిదండ్రుల వాట్సాప్ గ్రూపులో పడింది. రసజ్ఞ నాన్న రవికిరణ్ గారు పైన తొమ్మిదో అంతస్తు ఆఫీసు నుంచి మెడలో ట్యాగుతో దిగి వచ్చి, "ఏవండీ, మా పాపకి గోళ్లు పెట్టారటండి?" అని మర్యాదగా అడిగారు. తిట్టినా బాగుండేది.

ఇప్పుడు అసలు సంగతి. మేనేజరు రత్నమాల గారు గడువు పెట్టారు. జనవరి ఆఖరి శుక్రవారం తల్లిదండ్రులు వచ్చి పిల్లల పక్కన కూర్చుని చూస్తారు. ఆ రోజు ప్లేట్లలో కూరగాయలు మిగిలితే నా ఓవెన్ ఆరో అంతస్తు కాఫీ కౌంటరుకు పోతుంది. పిల్లలకు బయట నుంచి ప్యాకెట్లు వస్తాయి. నేను మళ్లీ గిన్నెలు తోమే సింకు దగ్గరికి. నేను ఏ కాలేజీలోనూ వంట చదవలేదు. ఆ సింకు దగ్గర ఏడాదిన్నర నిలబడి, నీ వీపు చూసి నేర్చుకున్నాను. మిగిలింది ఫోన్లో చూసి నేర్చుకున్నాను. అక్కడికి తిరిగి వెళ్లను. చచ్చినా వెళ్లను.

తప్పు ఎక్కడ రాశావో, ఎందుకు రాశావో గురువారం ఆటోలోగా చెప్పు.

హరిత

•

స్కూలు వంటగది, బాచుపల్లి
నవంబరు 20

సలసలా కాగుతున్న హరితకు,

నీ ఉత్తరం కొత్తిమీర వాసనేసింది. ఇంకోసారి పుదీనాలో పెట్టు.

నా కాగితంలో తప్పు లేదు. మా మదనపల్లె వైపు ఈ చలికాలమంతా అదే తిండి. పళ్లు రాని పిల్లలు, పళ్లు ఊడిన ముసలివాళ్లు కూడా దానికోసం కొట్టుకుంటారు. గోళ్లంటావేమిటే? ఎలా చేస్తే అది గోళ్లయింది?

నీ చేతివాటం నాకు తెలుసు కాబట్టి అడుగుతున్నాను. కడిగాక తడి పూర్తిగా ఆరిందా? తడి ఉంటే ఓవెన్‌లో కాలవు, ఉడుకుతాయి. ట్రేలో ఒకదాని మీద ఒకటి పోశావా? మధ్యలో ఖాళీ ఉండాలి, సిటీ బస్సు కాదది. ఉప్పు ముందే వేశావా? ముందు వేస్తే నీరు ఊరుతుంది, దించాక చల్లాలి. సరే, అది నేను కాగితంలో సరిగా రాయలేదు, అంతవరకు ఒప్పుకుంటాను.

ఇక్కడ మూడు ఓవెన్లు ఉన్నాయి. ఒక్కొక్కటి మీ ఫ్రిజ్ అంత. నాలుగు వందల మంది పిల్లలు. అందరూ తింటారు. కాబట్టి నీతో ఉత్తరాల్లో కుస్తీ పట్టే తీరిక నాకు లేదు.

అయినా నీకేం తక్కువ? నువ్వుల క్యారెట్ పుల్లలు నీ సొంత వంటకమే కదా. అవి చేసి పెట్టు. అందరికీ అలాగే చెప్పావుగా.

తేజస్విని

ఒక్కటి చెప్పు. గింజలు ట్రే నిండా వచ్చాయా?

•

డేకేర్ వంటగది, మాధాపూర్
నవంబరు 24

తేజస్వినీ,

ట్రే నిండానా? పదకొండు ఆనపకాయలకు రెండు గుప్పిళ్లు వచ్చాయి. ఒక్కొక్క పిల్లకు ఆరు గింజలు లెక్కపెట్టి వేశాను. ఆ ఆరే తినలేదు.

గింజలు తీశాక మిగిలిన కాయ సంగతి నీ కాగితంలో ఎక్కడా లేదు. వారం రోజులుగా ఈ బిల్డింగులో కింది అంతస్తు మొత్తం ఆనపకాయే తింటోంది. మొదటి రోజు పులుసు. రెండో రోజు పాలు పోసి కూర. మూడో రోజు పచ్చడి. గేటు దగ్గర సెక్యూరిటీ వాళ్లు నన్ను చూస్తే తలుపు చాటుకు తప్పుకుంటున్నారు. నర్సమ్మ అయితే, "ఇగ రేపు గూడ గిదే పెడితే నేను బోరబండ నుంచి వచ్చుడే బంజేస్త" అని తెగేసి చెప్పింది.

నీ మాట విని మళ్లీ చేశాను. తడి ఆర్చాను, దూరం దూరంగా పరిచాను, ఉప్పు చివర్లో చల్లాను. ఈసారి గోళ్లు మరింత కరకరలాడాయి. అంతకంటే ఏమీ మారలేదు. పోనీ కాయనే కాలుద్దామని చక్రాలుగా కోసి పెట్టాను. ఓవెన్ తలుపు తీస్తే ఆవిరి స్నానం. పిల్లలు ఆ చక్రాలను కిటికీ అద్దానికి అతికించి, ఎవరిది ముందు కిందికి జారుతుందో పందెం వేసుకున్నారు. రసజ్ఞది గెలిచింది. వాటికి ఇక్కడ దక్కిన ఉపయోగం అదొక్కటే.

నీ కాగితాన్ని నేనెంత గౌరవించానో తెలుసా? పెరుగు మరకలు పడుతున్నాయని లామినేషన్ చేయించాను. అంతకుముందు నీ అక్షరదోషం కూడా ఎర్ర పెన్నుతో దిద్దాను. కూరగాయ పేరు కూడా సరిగా రాయడం రాదు నీకు, మొదటి అక్షరానికి దీర్ఘం మర్చిపోయావు. నలుగురూ చూసి నవ్వకూడదని నేనే పెట్టాను. అలాంటి నాకు నువ్వు చేసిన మేలు ఇది.

క్యారెట్ సంగతి ఇప్పుడెందుకు? దానికీ దీనికీ సంబంధం లేదు.

గురువారం లోగా నిజం రాయి.

హరిత

•

స్కూలు వంటగది, బాచుపల్లి
నవంబరు 27

దీర్ఘాల హరితకు,

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. మూడోసారి నవ్వుతూ ఉల్లిగడ్డల మూట మీద పడ్డాను. నడుం పట్టింది. దానికి బాధ్యత నీదే.

ఒసేయ్, నేను దీర్ఘం మర్చిపోలేదు. అక్కడ దీర్ఘం లేదు. అది అనపకాయ. అ. పొట్టి అ. చిక్కుడు లాంటి కాయ, వేలెడంత ఉంటుంది. ఒలిస్తే లోపల ఆకుపచ్చ గింజలు నాలుగైదుంటాయి. నానబెట్టి రెండు వేళ్ల మధ్య నొక్కితే తోలు వదిలి పప్పు టపుక్కున బయటికి దూకుతుంది. దాన్నే మేం పితికిపప్పు అంటాం. మీ గోదావరి వాళ్లు ఆనపకాయ అని పిలిచేది, నర్సమ్మ సొరకాయ అనేది, అది వేరే. దాన్ని పితకడం నువ్వు తప్ప భూమ్మీద ఎవరూ చేసి ఉండరు.

తిమ్మప్పను నిలదీశాను. ఆయనది మా వైపు కదిరి, అన్నీ తెలిసిన మనిషి. "నాకేం తెల్సునమ్మా? ఆయమ్మ చీటీలో ఆనపకాయ అని రాసింది, నేను ఆనపకాయలే ఏసినా. అనపకాయ అని రాసుంటే అనపకాయలే ఏసుందును కదా. పదకొండు కాయలంటే ఏందో ఇంట్లో ఫంక్షన్ ఉండాదేమో అనుకున్యా" అన్నాడు.

నవ్వడం అయింది. ఇక ఇది చదువు.

నువ్వు దీర్ఘమే కాదు, పేరు కూడా దిద్దావు. సెప్టెంబరులో రత్నమాల గారు ఒక క్యారెట్ పుల్ల నోట్లో వేసుకుని "ఎవరు చేశారివి?" అని అడిగితే, నువ్వు "నేనే" అన్నావు. నేను వెనకే ఉన్నాను, పిండి జల్లెడ చేతిలో పట్టుకుని. ఆ క్యారెట్లకు నువ్వులు, బియ్యప్పిండి కలిపి ఎన్ని ట్రేలు మాడ్చుకున్నానో నీకు తెలుసు. మాడినవి తిన్నది నువ్వే. ఆ వారమే నిన్ను వంటగదికి హెడ్డును చేశారు. నేను చెప్పాపెట్టకుండా వెళ్లానంటావు. చెప్పడానికి నువ్వు నా మొహం చూస్తే కదా.

తేజస్విని

•

డేకేర్ వంటగది, మాధాపూర్
డిసెంబరు 8

తేజస్వినీ,

పది రోజులు రాయలేదు. పనుండి కాదు. ఏం రాయాలో తెలియక.

దీర్ఘం నాదే. ఒప్పుకుంటున్నాను. కానీ నువ్వూ "చిక్కుడు లాంటి గింజలు" అని నాలుగు ముక్కలు ఎక్కువ రాసి ఉంటే నీ పెన్ను అరిగిపోయేదా? హైదరాబాదులో ఉండి మదనపల్లె భాషలో కాగితాలు తగిలిస్తే ఎవరికి తెలుస్తుంది?

క్యారెట్ల సంగతి. ఆవిడ "ఎవరు చేశారు" అని అడిగింది. ఆ రోజు ట్రే పెట్టింది, తీసింది నేనే. "ఎవరు కనిపెట్టారు" అని అడగలేదు. అడిగి ఉంటే చెప్పేదాన్ని.

చెప్పేదాన్నేమో.

సరే, అది అలా ఉంచు. నీ దగ్గరికి వద్దాం. అనపకాయలు దింపుతూ తిమ్మప్ప ఒక మాట అన్నాడు. "ఆ బడిలో ఓవెన్ యాడుంది? ఆయమ్మ పిల్లకాయలకి అరటిపండ్లు పంచుతాది" అని. మూడు ఓవెన్లు, ఒక్కొక్కటి ఫ్రిజ్ అంత! అబద్ధమాడేదానివి ఒక ఓవెన్‌తో సరిపెట్టుకుని ఉంటే నమ్మేదాన్ని కదే.

అనపకాయలు చేశాను. నాలుగు కిలోలు ఒక్కదాన్నే ఒలిచాను. నానబెట్టాను. పొద్దున్నే కూర్చుని పితికాను. మూడు గంటలకు ఒక గిన్నెడు. వేళ్లు చీకిన మామిడి టెంకల్లా అయ్యాయి. ఒక పప్పు ఎగిరి వెళ్లి నర్సమ్మ నుదుట బొట్టు మీద తగిలింది. "ఏం దుష్మనీ ఉంది బిడ్డా నా మీద?" అని చీపురు తీసింది.

కాల్చాక ఒకటి నోట్లో వేసుకున్నాను. తేజస్వినీ, ఈ ఒక్క వాక్యం చదివి చింపేయి. చాలా బాగుంది.

అయినా పిల్లలు ముట్టలేదు. గోళ్ల మాట ఇంకా పోలేదు. రసజ్ఞ వంగి చూసి, "ఇవి పచ్చగోళ్లు" అని తేల్చింది. ఆ పిల్ల మాటే ఆ హాల్లో తీర్పు. బెండకాయ ముక్కలు పెట్టినా, కాలీఫ్లవర్ పెట్టినా ముందు ఆమె మొహం చూస్తున్నారు. ఆమె మూతి తిప్పితే ముప్పై రెండు మూతులు తిరుగుతున్నాయి.

ఆఖరి శుక్రవారానికి ఏడు వారాలే ఉంది. ఈసారి తిట్టడం లేదు. అడుగుతున్నాను. ఏం చెయ్యాలి? వచ్చే సోమవారం లోగా రాయి.

హరిత

•

స్కూలు వంటగది, బాచుపల్లి
డిసెంబరు 15

హరితా,

ఆ వాక్యం చింపలేదు. దాచాను.

ఓవెన్లు లేవు. ఒక్కటీ లేదు. భోజనం ఎక్కడినుంచో పెద్ద డబ్బాల్లో వస్తుంది. నేను టోపీ పెట్టుకుని గుమ్మం దగ్గర నిలబడి నాలుగు వందల మందికి అరటిపండ్లు ఇస్తాను. పిల్లలు నన్ను "బనానా మిస్" అంటారు. మొదటి రోజు ఏడుపొచ్చింది. ఇప్పుడు రావడం లేదు, అదే భయంగా ఉంది. వంటదాన్నని చెప్పుకునే చేతులకు ఇప్పుడు అరటిపండు వాసన. నీకు ఆ మాట రాయలేక మూడు ఓవెన్లు రాశాను. ఒకటి రాస్తే నీతో సమానమవుతానని మూడు రాశాను.

ఇక నీ పని. నాలుగు కిలోలు ఒక్కదానివే పితికావా పిచ్చిదానా? అది ఒక్కరు చేసే పనే కాదు. మా ఇంట్లో మా అవ్వ గంగమ్మ గంపెడు గింజలు మధ్యలో పోసి, దారిన పోయే పిల్లలందర్నీ పట్టుకొచ్చి కూర్చోబెట్టేది. "యాడికే పరిగెత్తుతాండావు? కూసో. పితికినోళ్లకే పప్పు" అనేది. పితకడం పనని మాకు తెలియదు. ఎవరి పప్పు ఎంత దూరం దూకుతుందోనని ఆడేవాళ్లం. అలా దూకించిన పప్పును తినకుండా ఎవరుంటారు? వేరేవాళ్లు తినేస్తారేమోనని భయం కూడా.

నువ్వు వండి తెచ్చి ముందు పెడుతున్నావు. పిల్లలకు అది ఎవరిదో తిండి. గింజలు వాళ్ల చేతికివ్వు.

రెండు జాగ్రత్తలు. పచ్చి గింజ నోట్లో పెట్టనివ్వకు, నర్సమ్మను కాపలా ఉంచు. మూడేళ్ల లోపు వాళ్లకు గట్టి గింజలొద్దు, కాల్చాక దంచి అన్నంలో కలుపు.

తేజస్విని

•

డేకేర్ వంటగది, మాధాపూర్
జనవరి 5

బనానా మిస్‌కు,

కోపం వద్దు. నాకు నచ్చింది ఆ పేరు.

శుక్రవారం గింజలు పిల్లల చేతికిచ్చాను. మొదటి నిమిషం ఎవరూ కదల్లేదు, రసజ్ఞ వైపే చూపు. ఆ పిల్ల ఒక గింజ తీసుకుంది. నొక్కింది. పప్పు టపుక్కున దూకి, గోడ మీద అతికించిన ఏనుగు బొమ్మ కంట్లో తగిలింది. రసజ్ఞ తన వేళ్లను చూసుకుంది, ఏదో మహిమ వచ్చినట్టు. తర్వాత హాల్లో నలుమూలలా పప్పుల వాన. నర్సమ్మ బల్ల కింద దూరి, "పచ్చియి నోట్లెయ్యద్దు! ఓ పోరీ, నిన్నే! నా చెవులెయ్యద్దు!" అని కేకలు.

కాల్చి తెచ్చాను. ఒకటే పంచాయితీ. "నేను పితికినవే నాకు కావాలి." అన్నీ ఒకే ట్రేలో కలిశాయి కదా, ఎవరివి ఎవరివో ఏం తెలుస్తుంది? అందరూ ఏడ్చారు. కానీ తేజస్వినీ, ఏడుస్తూ తిన్నారు! రసజ్ఞ మూడు తింది. మూడు. లెక్కపెట్టాను.

సంబరం అరగంట. ఇంటికెళ్లాక ఒకమ్మకు పాప జడలో పప్పు దొరికిందట. గ్రూపులో ఫోటో పెట్టింది. రత్నమాల గారు నన్ను పిలిచి, "పిల్లలతో వంటపని చేయిస్తావా? ఇంకోసారి ఒక్క గింజ వాళ్ల చేతిలో కనిపించకూడదు" అన్నారు. ఆఖరి శుక్రవారం కూడా అంతే. నేను వండాలి, వాళ్లు తినాలి, తల్లిదండ్రులు చూడాలి.

నేను వండి పెడితే తినరు. వాళ్ల చేతికిస్తే ఆవిడ ఊరుకోరు. మాట వింటే ఓవెన్ పోతుంది, వినకపోతే నేను పోతాను. నాకు వినాలని లేదు. నువ్వైతే ఏం చేస్తావు? గురువారం లోగా.

హరిత

•

స్కూలు వంటగది, బాచుపల్లి
జనవరి 8

హరితా,

నేనైతే మాట వింటాను. అందుకే అరటిపండ్లు పంచుతున్నాను. నువ్వు వినకు.

అల్యూమినియం రేకుతో చిన్న చిన్న దొన్నెలు మడువు. ఒక్కో దొన్నె మీద ఒక్కో పేరు. ఎవరు పితికినవి వాళ్ల దొన్నెలో, అలాగే ట్రేలో పెట్టు. ఏడుపులుండవు. ఆఖరి ఐదు నిమిషాలు ఓవెన్ తలుపు సందుగా తెరిచి ఉంచు, ఆవిరి పోయి బాగా కరకరలాడతాయి.

ఇంకొకటి. ఆ రోజు రత్నమాల గారు "ఎవరు చేశారు" అని అడిగితే, ఈసారీ నువ్వు "నేనే" అని చెప్పు. నిజంగానే రాస్తున్నాను, ఎత్తిపొడుపు కాదు. నీ ఓవెన్ నిలబడాలి. ఇద్దరిలో ఒక్కరైనా ఓవెన్ ముందు ఉండాలి.

తేజస్విని

•

డేకేర్ వంటగది, మాధాపూర్
జనవరి 31, శనివారం

నీ వల్ల నా ఉద్యోగం సగం పోయింది. అది ఎలా పోయిందో మొత్తం చదివాకే నోరు తెరువు.

నిన్న పదకొండింటికి తల్లిదండ్రులు ఇరవై మంది దిగారు. అందరి మెడలో ట్యాగులు, సగం మంది చెవుల్లో మీటింగులు. పిల్లల పక్కన ఆ బుల్లి కుర్చీల్లో మోకాళ్లు గడ్డానికి ఆనించుకుని కూర్చున్నారు. ట్రే నిండా క్యారెట్లు, బెండకాయలు కాల్చి పక్కన పెట్టాను. తర్వాత నానిన గింజల గిన్నెలు తెచ్చి బల్లల మీద పెట్టాను. రత్నమాల గారు నా వెనకే వచ్చి, నవ్వుమొహం చెదరకుండా పళ్ల మధ్య నుంచి, "హరితా, వద్దన్నానా లేదా?" అన్నారు. "వద్దన్నారండీ" అన్నాను. గిన్నెలు తీయలేదు.

రసజ్ఞ తీసింది మొదటి గింజ. గురి చూసింది. పప్పు వెళ్లి వాళ్ల నాన్న రవికిరణ్ గారి కళ్లజోడు అద్దానికి తగిలి, అక్కడే అతుక్కుంది.

నా కళ్ల ముందు సింకు కనిపించింది. నురగతో సహా.

ఆయన కళ్లజోడు తీశారు. పప్పును వేలితో తీసి చూశారు. "ఏవండీ, దీన్నెలా నొక్కాలండి?" అని అడిగారు, గోళ్ల రోజు అడిగినంత మర్యాదగానే.

చూపించాను. ఆయన నొక్కింది నర్సమ్మ దగ్గర పడింది. "అరె సారూ, మీరు గూడనా!" అంది. అంతే, ఇరవై మంది పెద్దవాళ్లు మీదపడ్డారు. ఒకావిడ మీటింగులో మాట్లాడుతూనే పితికింది, పప్పు కాఫీలో పడితే "అవును, డెలివరీ అయింది" అంది. ఆవిడ చెప్పింది ఆఫీసు పనో, పప్పు సంగతో ఎవరికీ తెలియదు. దొన్నెల మీద పేర్లు రాస్తుంటే పెద్దవాళ్లు కూడా మాకూ ఒకటి అని చేతులు చాపారు. రెండు ట్రేలు చాలలేదు. పిల్లలు ఓవెన్ అద్దం ముందు గీత దాటకుండా వరసగా కూర్చుని, అరగంట సేపు రెప్ప వేయలేదు. ఆ ఎదురుచూపులో పక్కనున్న క్యారెట్లు, బెండకాయలు ఎప్పుడు ఖాళీ అయ్యాయో నేనే చూడలేదు.

పప్పు వచ్చింది. తిన్నారు. మూడేళ్ల లోపు వాళ్లకు దంచి అన్నంలో కలిపాను, వాళ్లూ తిన్నారు. రసజ్ఞ తన దొన్నె ఖాళీ చేసి, వాళ్ల నాన్న దొన్నె తన వైపు లాక్కుని, "నాన్నా, నీకు మీటింగుంది కదా, వెళ్లు" అంది. ప్లేట్లలో ఏమీ మిగల్లేదు. రత్నమాల గారు ఒక్కొక్క ప్లేటూ వంచి చూసుకున్నారు.

చూసుకుని, అందరి ముందూ అడిగారు. "ఎవరు చేశారు హరితా ఇదంతా?"

నువ్వు రాసింది గుర్తుంది. "నేనే" అనమన్నావు. నోట్లో ఆ మాట తయారుగానే ఉంది. ఇరవై మంది చూస్తున్నారు, ఓవెన్ చూస్తోంది, నా చేయి దాని హ్యాండిల్ మీదే ఉంది. "కాల్చింది నేను. ఇది తేజస్వినిది. క్యారెట్లూ ఆమెవే. సెప్టెంబరులో నేను అబద్ధం చెప్పాను" అన్నాను. ఎందుకన్నానో నాకు తెలియదు. నువ్వు అలా పెద్దమనసు చేసుకుని రాయకుండా ఉంటే హాయిగా అబద్ధమాడి ఉండేదాన్ని. అందుకే తప్పు నీది అంటున్నాను.

ఆవిడ చేతిలో ప్లేటు బల్ల మీద పెట్టి వెళ్లిపోయారు. సాయంత్రం పిలిచి చెప్పారు. ఓవెన్ ఎక్కడికీ పోదు. ప్యాకెట్లు రావు. పితకడం ప్రతి శుక్రవారం ఉంటుంది, తలకు టోపీలతో. తల్లిదండ్రులే గ్రూపులో అడిగారట. కానీ అబద్ధం చెప్పినందుకు నా హెడ్డు పదవి ఆగిపోయింది. వంటగదిలో ఇక ఇద్దరు ఉండాలట, ఒకరు నేను, ఒకరు నువ్వు. "హెడ్డు ఎవరో మీ ఇద్దరే తేల్చుకుని, ఇద్దరి సంతకాలతో ఒక కాగితం ఇవ్వండి, నన్ను మధ్యలోకి లాగొద్దు" అన్నారు. నువ్వు రానంటే ఇంకెవర్నో తెస్తారు. వాళ్లు ఎవరో, ఎలాంటివాళ్లో, ఏం వండుతారో! నేను ఒప్పుకోను.

కాబట్టి ఇది నా డిమాండు. నువ్వు రావాలి. ఆ పదవి నీకు ఊరికే ఇస్తానని అనుకోకు, నాకూ కావాలి. సెప్టెంబరులో నీకు చేసింది తప్పు, క్షమించమని ఇక్కడ రాస్తున్నాను, ఎదురుగా మాత్రం చెప్పలేను, అడగొద్దు. హెడ్డు ఎవరన్నది ఓవెన్ ముందు నిలబడి, గొంతు చించుకుని తేల్చుకుందాం. ఉత్తరాల్లో నిన్ను తిడుతుంటే నీ మొహం ఎలా మారుతోందో నాకు కనిపించడం లేదు. మూడు నెలలుగా నాకు అదే తక్కువైంది.

నీ నంబరు బ్లాక్ తీయలేదు. కాగితం మీదే రాయాలి. వస్తాననో రాననో ఒక్క మాట, కింద సంతకం. "చూద్దాం" అన్నది జవాబు కాదు. ఫిబ్రవరి 5, గురువారం, మధ్యాహ్నం పన్నెండు లోపు నా చేతిలో ఉండాలి. పన్నెండు దాటి ఒక్క నిమిషమైనా నేను బాచుపల్లి బస్సెక్కుతాను, నాలుగు వందల మంది పిల్లల ముందు ఆ టోపీతో సహా నిన్ను ఎత్తుకొస్తాను.

హరిత